భాష నేర్చుకునే పగ్గాలు ఎవరి చేతిలో ఉన్నాయి?

పాతబస్తీ అయినా, కర్నూలు అయినా, నిజామాబాద్ అయినా, ఏ బజారుకు వెళ్లినా "30 రోజుల్లో స్పోకెన్ ఇంగ్లీష్" అనే బోర్డు ఒకటి కనిపిస్తుంది. అక్కడ చేరేవాళ్లు ఇంగ్లీషు అసలు చదవనివాళ్లేం కాదు. చిన్న క్లాసుల నుంచి డిగ్రీ దాకా ఏటా ఇంగ్లీషు పరీక్ష రాసి పాసైనవాళ్లే. వాయిస్ మార్చమంటే మారుస్తారు, ఖాళీలు పూరించమంటే పూరిస్తారు. ఇంటర్వ్యూలో "మీ గురించి చెప్పండి" అనగానే మాత్రం నోరు పెగలదు.

ఇంకో పక్క చూడండి. కరీంనగర్ నుంచో, కడప నుంచో గల్ఫ్‌కు వెళ్లి ఇంటి డ్రైవర్‌గా చేరిన మనిషి ఏడాది తిరిగేసరికి అరబ్బీలో దారి అడుగుతాడు, కూరగాయలు బేరమాడతాడు, జీతం ఆలస్యమైతే కఫీల్‌తో మాట్లాడతాడు. ఏ క్లాసుకూ వెళ్లలేదు, ఏ గైడూ కొనలేదు. పదేళ్లు చదివినవాడికి రానిది, అసలు చదవనివాడికి ఎలా వచ్చింది?

అవసరం నేర్పించిందని అంటాం. నిజమే, కానీ అది సగం జవాబే. మిగతా సగం ఏమిటంటే, ఆ డ్రైవర్ తనకు ఏ మాట కావాలో తానే చూసుకున్నాడు, ఎవరి దగ్గర నేర్చుకోవాలో తానే వెతుక్కున్నాడు, వచ్చిందో రాలేదో ఎదుటి మనిషి ముఖం చూసి అప్పటికప్పుడు తెలుసుకున్నాడు. నేర్చుకునే పగ్గాలు అతని చేతిలో ఉన్నాయి. బడిలో పిల్లవాడి చేతిలో అవి లేవు. ఆ మాటకొస్తే పాఠం చెప్పే టీచర్ చేతిలో కూడా లేవు. పరభాషా బోధనలో దాదాపు యాభై ఏళ్లుగా నలుగుతున్న చర్చ ఈ పగ్గాల గురించే.

ఈ మాట ఎక్కడ పుట్టింది?

దీనికి తెలుగులో స్వయంప్రతిపత్తి అంటారు, ఉర్దూలో ఖుద్‌ముఖ్తారీ. రెండు మాటలూ వినగానే మనకు రాజకీయాలే గుర్తొస్తాయి. ఇక్కడ అర్థం అంతకంటే సాదాసీదా: తన చదువు బాధ్యతను తానే తీసుకోగలగడం.

1971లో యూరప్ మండలి ఆధునిక భాషల ప్రాజెక్టు ఒకటి మొదలుపెట్టింది. పనిచేసుకునే పెద్దవాళ్లు ఇంకో భాష నేర్చుకోవడానికి ఏ దారి మంచిదన్నది అందులో ఒక పెద్ద ప్రశ్న. ఫ్రాన్స్‌లోని నాన్సీ విశ్వవిద్యాలయంలో క్రాపెల్ అనే భాషా పరిశోధన కేంద్రం ఈ పనిలో ముందు నిలిచింది. దాన్ని స్థాపించిన ఈవ్ షాలోన్ 1972లో చనిపోయాక ఆన్రీ హోలెక్ ఆ పనిని నడిపించాడు. ఆయన 1979లో యూరప్ మండలికి రాసిన నివేదిక 1981లో పుస్తకంగా వచ్చింది. ఈ విషయం మీద ఎవరు మాట్లాడినా ఇప్పటికీ అక్కడి నుంచే మొదలుపెడతారు.

హోలెక్ లెక్క ప్రకారం భాష నేర్చుకోవడంలో ఐదు నిర్ణయాలు ఉంటాయి. ఏం సాధించాలి? దానికోసం ఏం చదవాలి, ఏ వరుసలో? ఏ పద్ధతిలో చదవాలి? ఎప్పుడు, ఎక్కడ, ఎంత వేగంతో? చివరికి ఎంత వచ్చిందో ఎలా తేల్చుకోవాలి? ఈ ఐదూ తీసుకోగలిగినవాడే స్వతంత్రంగా నేర్చుకునేవాడు. ఆయన ఇంకో ముఖ్యమైన మాట కూడా చెప్పాడు. ఇది పుట్టుకతో వచ్చే గుణం కాదు, ఎవరైనా సరే నేర్చుకోవాల్సిందే. ఎక్కువ మందికి ఎవరో ఒకరు నేర్పించాల్సిందే.

ఇప్పుడు ఈ ఐదు ప్రశ్నలనూ మన బడి ముందు పెట్టి చూద్దాం. ఏం సాధించాలో సిలబస్ చెబుతుంది. ఏం చదవాలో పాఠ్యపుస్తకం చెబుతుంది. ఎలా చదవాలో గైడ్ చెబుతుంది. ఎప్పుడు చదవాలో టైంటేబుల్ చెబుతుంది. ఎంత వచ్చిందో ఎఫ్‌ఏ, ఎస్‌ఏ మార్కులు చెబుతాయి. పిల్లవాడికి మిగిలింది ఒకటే, చెప్పింది చేయడం. అలా పదేళ్లు గడిపి బయటికొచ్చిన మనిషిని "ఇక మీరే మాట్లాడండి" అంటే ఎలా మాట్లాడతాడు? మాట్లాడడమంటేనే క్షణక్షణం సొంతంగా నిర్ణయం తీసుకోవడం కదా.

వదిలేయడం వేరు, అప్పగించడం వేరు

ఇది విన్న చాలామంది "అయితే ఇక టీచర్ ఎందుకు, ఫోన్ ఇచ్చి వదిలేస్తే పోలా?" అంటారు. డబ్లిన్‌లోని ట్రినిటీ కాలేజీలో చాలా ఏళ్లు పనిచేసిన డేవిడ్ లిటిల్ ఈ అపార్థం గురించి 1991లోనే రాశాడు. స్వయంప్రతిపత్తి అంటే ఒంటరిగా చదువుకోవడం కాదు. టీచర్ తన పని మానేసి పక్కన కూర్చోవడం కాదు. పిల్లల మీద ప్రయోగించే ఇంకో కొత్త పద్ధతి కూడా కాదు.

మన గల్ఫ్ డ్రైవర్‌నే తీసుకోండి. అరబ్బీ మాట్లాడడం వచ్చింది. కానీ సంతకం పెట్టమని కాగితం ముందు పెడితే అందులో ఏముందో చదవలేడు. మన వాళ్లలో చిన్నప్పుడు మక్తబ్‌కు వెళ్లినవాళ్లకు అరబ్బీ అక్షరాలు వచ్చు, గుక్క తిప్పుకోకుండా చదవగలరు. కానీ కాంట్రాక్టులో జీతం, సెలవు, తిరుగు టికెట్ గురించి రాసిన మాటల అర్థం మాత్రం తెలియదు. ఒకరికి మాట ఉంది, అక్షరం లేదు. ఇంకొకరికి అక్షరం ఉంది, అర్థం లేదు. అవసరం నేర్పిన భాష అవసరం ఉన్నంత మేరకే పోతుంది. తనకు ఇంకా ఏం రాదో చూసుకుని, దానికి దారి వేసుకోవాలంటే పక్కన తెలిసినవాళ్లు ఒకరు ఉండాలి. ఉస్తాద్ అవసరం తీరిపోదు, ఆయన చేసే పని మారుతుంది.

డెన్మార్క్ క్లాసులో ఏం జరిగింది?

ఇది పెద్దవాళ్లకే కాదు, బడి పిల్లలకు కూడా పనికొస్తుందని చూపించిన టీచర్ లెని డామ్. ఈమె డెన్మార్క్‌లో కోపెన్‌హేగెన్ దగ్గర ఒక మామూలు బడిలో ఇంగ్లీషు చెప్పేది. 1970ల మొదట్లో ఆమెకు దొరికిన పిల్లలు పద్నాలుగేళ్లవాళ్లు, చదువంటేనే విసుగెత్తినవాళ్లు. ఏం చెప్పినా పట్టించుకోరు. ఆమె పాఠం గట్టిగా చెప్పడం మానేసి, ఏం చేయాలో నిర్ణయించడంలో వాళ్లకూ వాటా ఇచ్చింది. మీరు ఎంచుకున్న పనికి మీరే జవాబుదారీ అన్నది.

ఆ తర్వాత ఇంగ్లీషు అప్పుడే మొదలుపెట్టిన చిన్న పిల్లలతోనూ అదే దారిలో నడిచింది. ఇంట్లో, వీధిలో ఇంగ్లీషు మాట ఎక్కడ కనబడితే అది క్లాసుకు తెమ్మనేది. ప్రతి పిల్లవాడికీ ఒక లాగ్‌బుక్. ఇవాళ ఏం చేయాలనుకున్నాను, ఏం చేశాను, ఎలా కుదిరింది, రేపు ఏం చేస్తాను అన్నది తేదీ వేసి అందులో రాసుకోవాలి. టీచర్ కూడా ఒక లాగ్‌బుక్ రాసేది. పిల్లలు ఆటకార్డులు తయారుచేసేవాళ్లు, కథలు రాసేవాళ్లు, ఇద్దరిద్దరు కూర్చుని మాట్లాడుకునేవాళ్లు. ఇదంతా వీలైనంత వరకు ఇంగ్లీషులోనే జరగాలి. పని ఎంచుకోవడం, వాదించుకోవడం, బాగుందో లేదో చెప్పడం, అన్నీ. కిటుకు ఇక్కడే ఉంది. నిర్ణయం తీసుకోవడానికి కూడా ఆ భాషే వాడాలి కాబట్టి, భాష ఒక సబ్జెక్టుగా మిగలకుండా పనిముట్టుగా మారింది.

ఆ క్లాసులో క్రమశిక్షణ లేదనుకుంటే పొరపాటు. ఎంచుకోకుండా కూర్చునే హక్కు అక్కడ ఎవరికీ లేదు. ఏం చేయాలన్నది పిల్లవాడి ఇష్టం, చేయకపోవడం మాత్రం కుదరదు.

అరవై మంది ఉన్న గదిలో కుదురుతుందా?

డెన్మార్క్ సంగతి సరే, మన దగ్గర ఒక్కో సెక్షన్‌లో అరవై మంది ఉంటే ఎలా అని టీచర్లు అడుగుతారు. న్యాయమైన ప్రశ్నే. దీనికి జవాబు ధనిక దేశాల నుంచి రాలేదు. కామెరూన్‌లో 200 మందికి పైగా పిల్లలున్న క్లాసుకు ఇంగ్లీషు చెప్పిన హ్యారీ కుచా అనుభవం 2011లో రిచర్డ్ స్మిత్‌తో కలిసి రాసిన వ్యాసంలో అచ్చయింది. అంతమందికి పుస్తకాలు చాలవు, గది చాలదు. ఆయన ఆ కష్టాన్ని దాచుకోకుండా పిల్లల ముందే పెట్టి, ఏం చేద్దామో మీరే చెప్పండి అన్నాడు. పిల్లలతో కలిసి ఒప్పందాలు చేసుకుని, క్లాసును గ్రూపులుగా నడిపాడు.

ఇక్కడ గమనించాల్సింది ఒకటుంది. ఇరవై మంది ఉన్న క్లాసులో టీచర్ అందరి దగ్గరికీ వెళ్లగలదు. అరవై మంది ఉంటే వెళ్లలేదు. నలభై అయిదు నిమిషాల పీరియడ్‌లో ఒక్కొక్కరికి ముప్పావు నిమిషమే వస్తుంది. అంటే బాధ్యత పంచుకోవడం చిన్న క్లాసుకు ఒక సౌకర్యం, పెద్ద క్లాసుకు మాత్రం అదే గతి. పిల్లలు ఒకరికొకరు వినిపించుకోకపోతే ఆ గదిలో ఎవరి మాటా ఎవరూ వినరు.

మన హైదరాబాద్‌లో జరిగిన ఒక ప్రయోగం కూడా చెప్పుకోవాలి. సుగత మిత్రా, జేమ్స్ టూలీ, వాళ్ల సహచరులు 2003లో దీని గురించి రాశారు. నగరంలో తక్కువ ఫీజు తీసుకునే ఒక ప్రైవేట్ బడిలో 16 మంది పిల్లలకు ఒక కంప్యూటర్, కొన్ని ఇంగ్లీషు సినిమాలు, మాటను విని అక్షరాలుగా రాసే సాఫ్ట్‌వేర్ ఇచ్చారు. పలకడం సరిగా లేకపోతే కంప్యూటర్ ఏదో పిచ్చి మాట రాసేది. సరిగా రాసేదాకా పిల్లలు మళ్లీ మళ్లీ పలికేవాళ్లు, ఒకరినొకరు సరిదిద్దుకునేవాళ్లు. కొన్ని నెలల్లో వాళ్ల ఉచ్చారణ మెరుగైంది.

దీన్ని చూసి టీచర్ అక్కర్లేదని కొందరు అన్నారు. అది తొందరపాటు. ఉచ్చారణ భాషలో ఒక ముక్క మాత్రమే. కథ చదివి అర్థం చేసుకోవడం, తన మనసులో మాట రాయడం ఆ యంత్రం నేర్పలేదు. పైగా ఏం సాధించాలో నిర్ణయించింది పిల్లలు కాదు, పరిశోధకులు. కానీ హోలెక్ చెప్పిన ఐదో నిర్ణయం, అంటే "నాకు వచ్చిందా లేదా" అని తేల్చుకోవడం, మొదటిసారి పిల్లల చేతికి వచ్చింది. ఆ ఒక్కటి మారితేనే అంత తేడా కనిపించింది. ఆ రోజు ప్రత్యేకంగా పెట్టాల్సి వచ్చిన సౌకర్యం ఇవాళ వాయిస్ టైపింగ్ పేరుతో మామూలు స్మార్ట్‌ఫోన్‌లోనే ఉంది.

టీచర్ చేతులు కట్టేస్తే పిల్లల చేతులు ఎవరు విప్పుతారు?

ఇంతవరకు పిల్లల గురించే మాట్లాడుకున్నాం. అసలు ముడి టీచర్ దగ్గర ఉంది. పిల్లల స్వయంప్రతిపత్తి టీచర్ స్వయంప్రతిపత్తి మీద ఆధారపడి ఉంటుందని డేవిడ్ లిటిల్ 1995లో రాశాడు. తానెప్పుడూ ఎంచుకోని మనిషి ఎంచుకోవడం ఇంకొకరికి ఎలా నేర్పుతాడు?

మన ప్రభుత్వ బడి టీచర్ రోజు ఎలా గడుస్తుందో చూడండి. ఈ నెలకు ఇన్ని యూనిట్లు పూర్తి కావాలి. లెసన్ ప్లాన్ ఫలానా పట్టికలోనే ఉండాలి. ఎంఈఓ వస్తే ముందు అడిగేది "సిలబస్ ఎంతవరకు వచ్చింది?" అనే. పిల్లలు ఎంతవరకు వచ్చారని అడిగేవాళ్లు తక్కువ. ప్రైవేట్ బడిలో ఇంకో రకం బంధనం. నోట్సు నిండకపోతే తల్లిదండ్రులు మేనేజ్‌మెంట్‌కు ఫిర్యాదు చేస్తారు. పిల్లలు జంటలుగా కూర్చుని మాట్లాడుకుంటుంటే "ఏమిటా గోల?" అని పక్క గది నుంచి కబురు వస్తుంది. సొంతంగా చేయాలని పెట్టిన ప్రాజెక్టు పనులకు కూడా బజారులో రెడీమేడ్ జవాబులు దొరుకుతాయి. స్వేచ్ఛ కోసం పెట్టిన పని కూడా కాపీ రాయడంగా మారిపోతుంది.

దక్షిణ భారతంలోనే దీనికి ఒక మంచి చరిత్ర ఉంది. 1979 నుంచి 1984 దాకా ఎన్.ఎస్. ప్రభు ఆధ్వర్యంలో బెంగళూరు ప్రాజెక్టు నడిచింది. మామూలు బడుల్లో, వ్యాకరణ సూత్రాలు వల్లె వేయించకుండా, రైల్వే టైంటేబుల్ చూసి ప్రయాణం లెక్కకట్టడం, మ్యాపు చూసి దారి చెప్పడం లాంటి పనుల ద్వారా ఇంగ్లీషు నేర్పారు. ఆ అనుభవంతో ప్రభు 1990లో రాసిన వ్యాసం ప్రపంచమంతా చదివింది. అన్ని క్లాసులకూ సరిపోయే ఉత్తమ పద్ధతి అంటూ ఒకటి ఉండదని ఆయన వాదన. తాను చేస్తున్నది ఎందుకు పనిచేస్తుందో టీచర్‌కు సొంతంగా ఒక నమ్మకం, ఒక ఆలోచన ఉండాలి. అది లేకుండా యాంత్రికంగా చెబితే ఎంత మంచి పద్ధతి అయినా చచ్చుబడిపోతుంది. జాతీయ పాఠ్యప్రణాళిక చట్రం 2005 కూడా పిల్లల వేర్వేరు అవసరాలు తీరాలంటే టీచర్‌కు స్వయంప్రతిపత్తి ఉండాలనే చెప్పింది. కాగితం మీద మాట అలాగే ఉంది, క్లాసుగదిలోకి మాత్రం పూర్తిగా రాలేదు.

ఇంకో ఇబ్బంది బయటికి చెప్పుకోలేనిది. మన టీచర్లలో చాలామంది తెలుగు మీడియంలోనో ఉర్దూ మీడియంలోనో చదివి వచ్చినవాళ్లు. పుస్తకంలో ఉన్న పాఠం చెప్పడానికి ఇబ్బంది లేదు. పిల్లవాడు పుస్తకం బయటి ప్రశ్న అడిగితేనే భయం. పగ్గాలు వదిలితే తన ఇంగ్లీషు లోటు బయటపడుతుందని ఆ భయం. ఇందుకు టీచర్‌ను తప్పు పట్టి లాభం లేదు. "నాకూ తెలియదు, కలిసి చూద్దాం" అనగలిగే ధైర్యం ఆమెకు రావాలంటే, ఆ మాట అన్నందుకు ఆమెను చిన్నచూపు చూడని బడి ఉండాలి.

ఇంటి భాష బడి గేటు బయటే ఆగాలా?

తెలంగాణలో 2022-23 నుంచి ప్రభుత్వ బడుల్లో ఇంగ్లీషు మీడియం పెద్ద ఎత్తున మొదలైంది. మన ఇళ్లలో పిల్లలు ఇంట్లో దక్కనీ మాట్లాడతారు, పుస్తకంలో ఉర్దూ చదువుతారు, వీధిలో తెలుగు వాడతారు, బడిలో ఇంగ్లీషు వింటారు. నాలుగు భాషల మధ్య రోజూ అటూ ఇటూ తిరిగే పిల్లవాడిని "భాష రానివాడు" అంటాం! నిజానికి భాష నేర్చుకోవడంలో వాడికున్న అనుభవం చాలామంది పెద్దలకు లేదు.

డబ్లిన్ శివారులోని ఒక బాలికల ప్రాథమిక పాఠశాలలో ఎక్కువ మంది వలస కుటుంబాల పిల్లలు. బడి మొత్తంలో 50కి పైగా ఇంటి భాషలు. అక్కడి ప్రధానోపాధ్యాయిని డియర్‌డ్రె కిర్వన్ ఏ భాషనూ నిషేధించలేదు. క్లాసులో ఏ పనికైనా మీ ఇంటి భాషను వాడుకోవచ్చని చెప్పింది. లెక్కలు తమ భాషలో లెక్కించి చూపడం, ఒకే విషయాన్ని రెండు మూడు భాషల్లో రాయడం, మాటలు పోల్చుకోవడం అక్కడ మామూలు సంగతి. టీచర్లకు ఆ భాషలేవీ రావు. అయినా ఫర్వాలేదు, ఆ భాషలకు పిల్లలే పెద్దలు. ఆమె, డేవిడ్ లిటిల్ కలిసి 2019లో ప్రచురించిన పుస్తకంలో ఈ కథంతా ఉంది. ఆ పిల్లలు ఇంగ్లీషులో వెనకబడలేదు.

మన క్లాసులో దీన్ని ఊహించుకోండి. "కితాబ్", "పుస్తకం", "బుక్" మూడూ బోర్డు మీద పక్కపక్కన ఉంటాయి. క్రియ ఉర్దూలోనూ తెలుగులోనూ వాక్యం చివర వస్తుంది, ఇంగ్లీషులో మధ్యలోకి వస్తుందని పిల్లలే కనిపెడతారు. టీచర్ పదిసార్లు చెప్పినదానికంటే వాళ్లు ఒక్కసారి కనిపెట్టింది ఎక్కువ నిలుస్తుంది.

మరి మార్కుల సంగతి?

పరీక్ష ఉన్నంతకాలం ఇదంతా కుదరదనే మాట వినిపిస్తుంది. యూరప్‌లోనూ పరీక్షలున్నాయి. అక్కడ చేసిందేమిటంటే, పరీక్ష పక్కనే పిల్లవాడి సొంత కొలత కూడా పెట్టారు. యూరప్ మండలి 2001లో భాషా స్థాయిలను ఏ1 నుంచి సీ2 దాకా విడగొట్టింది. జర్మనీలో నర్సు ఉద్యోగం కోసం మన అమ్మాయిలు తంటాలు పడే బీ1, బీ2 ఇవే. అదే సమయంలో వచ్చిన యూరోపియన్ భాషా పోర్ట్‌ఫోలియోలో ఆ స్థాయిలు "నేను చేయగలను" అనే వాక్యాలుగా ఉంటాయి. నేను నా చిరునామా చెప్పగలను. నేను దుకాణంలో ధర అడగగలను. నేను చిన్న ఉత్తరం రాయగలను. పిల్లవాడు వీటిలో ఏది వచ్చిందో తానే గుర్తు పెట్టుకుంటాడు, అందుకు రుజువు చూపిస్తాడు.

నూటికి 35 వచ్చాయంటే పిల్లవాడికి తెలిసేది తాను పాసయ్యాడని మాత్రమే. ధర అడగగలను, ఫోన్‌లో మాట్లాడలేను అని తెలిస్తే రేపు ఏం చేయాలో తెలుస్తుంది.

ఎక్కడ మొదలుపెట్టాలి?

అన్నీ ఒక్కసారి మారవు, మార్చనక్కర్లేదు కూడా. ఐదు నిర్ణయాల్లో ఒకటి, వారంలో ఒక పీరియడ్, అంత చాలు.

టీచర్లు హోంవర్కు ఒకటి కాకుండా రెండు ఇచ్చి, నచ్చింది చేసి ఎందుకు ఎంచుకున్నారో ఒక వాక్యం రాసుకు రమ్మనవచ్చు. నోట్సు చివరి పేజీల్లో నాలుగు లైన్ల లాగ్‌బుక్ పెట్టించవచ్చు. యూనిట్ మొదలుపెట్టే ముందు "నేను చేయగలను" వాక్యాలు ఐదు పిల్లలతోనే రాయించి, యూనిట్ అయ్యాక వాళ్లతోనే టిక్ పెట్టించవచ్చు. కాంప్లెక్స్ మీటింగ్‌లో సర్క్యులర్లు చదివాక ఒక పావుగంట తమ క్లాసులో ఏది కుదిరింది, ఏది కుదరలేదు అని మాట్లాడుకోవచ్చు.

తల్లిదండ్రులకు ఇంగ్లీషు రాకపోయినా ఫర్వాలేదు. "ఎన్ని మార్కులు?" అనే ప్రశ్నకు తోడు "ఇవాళ కొత్తగా ఏం చెప్పగలిగావు, నాకు వినిపించు" అని అడిగితే చాలు. అమ్మీకి అర్థమయ్యేలా ఉర్దూలో మళ్లీ చెప్పమంటే ఇంకా మంచిది, పాఠం రెండుసార్లు నడుస్తుంది. స్పోకెన్ ఇంగ్లీషుకు ఫీజు కట్టే యువకులు చేరే ముందే ఒక కాగితం మీద తమకు ఏ పనికి ఏ మాటలు కావాలో రాసుకోవాలి. ఆ జాబితా చూసి "ఇవి నేర్పుతారా?" అని అడిగే హక్కు వాళ్లకుంది.

అధికారులు చేయాల్సింది అన్నిటికంటే తేలిక, అన్నిటికంటే కష్టం. వారంలో ఒక్క ఇంగ్లీషు పీరియడ్‌ను సిలబస్ లెక్కలోంచి తీసి టీచర్‌కు వదిలేయాలి. ఆ పీరియడ్‌లో ఏం చేశారని అడగవచ్చు, ఇది ఎందుకు చేశారని మాత్రం గద్దించకూడదు.

ఈ భాషలతో ముడిపడి ఉన్నవి మన పిల్లల ఉద్యోగాలు, మన వాళ్ల కాంట్రాక్టు కాగితాలు, ఆసుపత్రిలో డాక్టర్‌కు నొప్పి చెప్పుకోవాల్సిన మాటలు. వాటిని బట్టీ కొట్టించి ఇవ్వలేం. ఎప్పుడు ఏ మాట కావాల్సి వస్తుందో ఏ సిలబస్‌కూ ముందుగా తెలియదు. ఆ మాటను తానే వెతుక్కునే అలవాటును మాత్రం బడి ఇవ్వగలదు. అది ఇవ్వాలంటే ముందు టీచర్‌ను నమ్మాలి, టీచర్ పిల్లవాడిని నమ్మాలి.